బొమ్మ బాగుందంటే... ఏం బాగున్నట్టు?

నడికుడి జంక్షన్‌కి కూతవేటు దూరంలో ఓ ఇల్లు అనుకుందాం. రాత్రి భోజనాలయ్యాయి. హాల్లో కొత్తగా కొన్న 43 అంగుళాల టీవీ గోడంతా పరుచుకుని ఉంది. నెట్‌లోంచి ‘మాయాబజార్‌’ వస్తోంది, అదీ రంగుల్లో. ఇంటిల్లిపాదీ దాని ముందే.

‘చూశావా తాతా, ఎంత క్లియర్‌గా ఉందో!’ మనవడి సంబరం.

‘క్లియర్‌గానే ఉంది గానీ... ఎస్వీఆర్‌ మొహానికి మైనం పూసినట్టుందేంట్రా?’ తాత అనుమానం.

‘మొహం సంగతి తర్వాత. కిరీటాలన్నీ పైన తెగిపోతున్నాయి, చూడు’ నాయనమ్మ ఫిర్యాదు.

‘అంత డబ్బు పోసి కొంటే ఒక్కరికీ నచ్చదు కదా!’ టీవీ కొన్న కొడుకు నిష్ఠూరం.

ఇంతకీ ఈ నలుగురిలో ఎవరిది రైటు? చిత్రం ఏంటంటే, ఒక్కొక్కరిదీ కొంత రైటే. బొమ్మ క్లియర్‌గా ఉండటం వేరు, బొమ్మ నిజంగా ఉండటం వేరు. మరి ఆ తేడా పట్టుకోవడం ఎలా? దానికి ఇంజినీరింగ్‌ చదవక్కర్లేదు. ఏం చూడాలో తెలిస్తే చాలు.

డెక్కు నుంచి డిస్కు దాకా...

ఎనభైల్లో పండక్కో పెళ్లికో టీవీ, డెక్కు అద్దెకు తెచ్చి, రాత్రంతా మూడు సినిమాలు వేసుకున్న రోజులు చాలామందికి గుర్తుండే ఉంటాయి. పదిమంది అద్దెకు తీసుకున్నాక క్యాసెట్‌ టేపు అరిగిపోయేది. తెర మీద వాన కురిసినట్టు గీతలు. అయినా ఎవరూ లేచేవారు కాదు. ఇంట్లోనే బొమ్మ పడుతోందన్న ఆనందం ముందు ఆ గీతలెంత!

తర్వాత వీసీడీ వచ్చింది. అందులో ఒక్కో ఫ్రేములో ఉండేది లక్ష చుక్కలు. ఈ చుక్కల్నే పిక్సెల్స్‌ అంటారు. డీవీడీకి వచ్చేసరికి అవి నాలుగు లక్షలు దాటాయి. 2006లో బ్లూరే వచ్చింది. అప్పటికే హెచ్‌డీ డీవీడీ అని దానికో పోటీ ఉండేది. 2008 ఫిబ్రవరిలో తొషిబా కంపెనీ చేతులెత్తేయడంతో ఆ యుద్ధం ముగిసింది. బ్లూరేలో ఫ్రేముకి సుమారు 20 లక్షల 70 వేల చుక్కలు. 2016లో వచ్చిన 4కె డిస్కులో ఏకంగా 83 లక్షలు.

మన దగ్గర బ్లూరే పెద్దగా నిలదొక్కుకోలేదు. దానికి కారణం వెతకడం కష్టమేం కాదు. మోజర్‌బేర్‌ కంపెనీ 28 రూపాయలకే వీసీడీ, 34 రూపాయలకే డీవీడీ అంటూ సినిమాలు అమ్మిన దేశం ఇది. అలవాటైన ధర అది. వందలు పోసి బ్లూరే, దానికి వేలు పోసి ప్లేయరూ కొనమంటే ఎవరు కొంటారు? చివరికి డిస్కుల షాపులే మూతపడ్డాయి. హెచ్‌డీ బొమ్మ మన ఇళ్లకు డిష్‌ల ద్వారా, ఫోన్ల ద్వారా, నెట్‌ ద్వారానే వచ్చింది.

దాంతో ఒక చిక్కు వచ్చిపడింది. డిస్కు అయితే చేతిలో ఉంటుంది, అట్టపెట్టె మీద వివరాలుంటాయి. బాగోలేకపోతే షాపువాడితో దెబ్బలాడొచ్చు. నెట్‌లో సినిమా పక్కన ‘హెచ్‌డీ’ అని రెండక్షరాలే ఉంటాయి. వాటిని నమ్మాలా, వద్దా?

చుక్కలు కాదు, చుక్కల్లో సరుకు

పదిమందికి వండిన పులిహోరని ముప్ఫైమందికి సర్దితే ఏమవుతుంది? విస్తళ్లన్నీ నిండినట్టే కనిపిస్తాయి, కడుపులే నిండవు. వీడియోలోనూ అంతే. సెకనుకి ఎంత సమాచారం పంపిస్తున్నారన్నది ముఖ్యం. దాన్నే బిట్‌రేటు అంటారు.

అప్పట్లో ‘త్రీ ఇన్‌ వన్‌’ డీవీడీలు తెగ అమ్ముడయ్యేవి కదా. లెక్క చూడండి. రెండు పొరల డీవీడీలో పట్టేది 8.5 జీబీ. రెండున్నర గంటల సినిమా ఒక్కటే పెడితే సెకనుకి ఏడున్నర మెగాబిట్లు దక్కుతాయి. మూడు పెడితే రెండున్నరే. అట్టపెట్టె మీద మాత్రం రెండింటికీ ‘డీవీడీ క్వాలిటీ’ అనే రాసుంటుంది! బ్లూరే అయితే బొమ్మ ఒక్కదానికే సెకనుకి 40 మెగాబిట్ల దాకా ఇవ్వగలదు. నెట్‌లో వచ్చే హెచ్‌డీకి అందులో చిన్న వంతే దక్కుతుంది. సాయంత్రం వీధి మొత్తం ఒకేసారి ఫోన్లు తెరిస్తే ఆ వంతూ తగ్గుతుంది.

ఈ కక్కుర్తి ఎక్కడ బయటపడుతుంది? కుర్చీలో కూర్చుని మాట్లాడుకునే సీన్లో కనిపించదు. నీళ్లు, పొగ, వాన, దుమ్ము, జనం... ఇవే పరీక్ష. కృష్ణలో అలలు కదిలే సీను చూడండి. నీళ్లు నీళ్లలా కాకుండా గచ్చు మీద పలకలు పరిచినట్టు గళ్లుగళ్లుగా కనిపిస్తే సరుకు తక్కువన్నమాట. సాయంత్రపు ఆకాశంలో నీలం, నారింజ సాఫీగా కలిసిపోకుండా చారలు చారలుగా విడిపోతే అదీ అంతే. చీకటి సీన్లో హీరో నల్లకోటు, వెనక నల్లగోడ ఒకే ముద్దలా అతుక్కుపోయినా తప్పు అక్కడే ఉండొచ్చు. లేదంటే రంగులు దిద్దినవాడు నలుపుని మరీ తొక్కేశాడని అర్థం.

ఇంకో మాట. ‘4కె’ అన్నంత మాత్రాన సినిమాని 4కెలో తయారుచేశారని కాదు. రంగులు దిద్దే పనంతా కంప్యూటర్లో జరగడం మొదలయ్యాక ఏళ్లపాటు ఎన్నో సినిమాలకు ఆ పని 2కెలోనే ముగించారు. తర్వాత దాన్ని సాగదీసి 4కె ముద్ర వేయొచ్చు. చొక్కా సైజు పెరిగినంత మాత్రాన మనిషి పెరగడు కదా! ఆ లెక్కన 35 ఎంఎం ఫిల్ములో తీసిన పాత సినిమాలే నయం. నెగెటివ్‌ బాగుంటే, యాభై అరవై ఏళ్ల కిందట తీసిన బొమ్మలోంచి కూడా అసలైన 4కె వివరాలు రాబట్టొచ్చు.

ఆ మైనం మొహాలెందుకొస్తాయి?

తాతగారి అనుమానం దగ్గరికొద్దాం. ఫిల్ము మీద బొమ్మ పడేది వెండి లవణాల రేణువుల వల్ల. తెర మీద సన్నటి ఇసక కదులుతున్నట్టు కనిపించేది అదే. దాన్నే గ్రెయిన్‌ అంటారు. చాలామంది దాన్ని మట్టి అనుకుంటారు. గీతలు, మరకలు, దుమ్ము... ఇవి మట్టి, తుడవాల్సిందే. గ్రెయిన్‌ మాత్రం బొమ్మే. ముక్కు, చెంప, కనుబొమ్మ అన్నీ ఆ రేణువులతోనే తయారయ్యాయి. ముగ్గులోంచి పిండి తీసేస్తే ముగ్గు మిగులుతుందా?

కానీ కొత్త టీవీల్లో గ్రెయిన్‌ కనిపిస్తే కొనేవాడికి నచ్చదేమోనని కంపెనీలకు భయం. అందుకని సాఫ్ట్‌వేర్‌తో రుద్దేస్తారు. గ్రెయిన్‌తోపాటు చర్మం మీది ముడతలు, గడ్డం గరుకు, పట్టుచీర నేత కూడా కొట్టుకుపోతాయి. అలా పోయినదాన్ని కప్పిపుచ్చడానికి అంచులకు పదును పెడతారు. దాంతో మనుషుల చుట్టూ తెల్లటి గీత దేవుడి పటంలో వెలుగులా మెరుస్తుంది.

ఇది మన దగ్గరే జరిగే తప్పు కాదు. ఆర్నాల్డ్‌ ష్వార్జ్‌నెగర్‌ ‘ప్రిడేటర్‌’ని 2010లో బ్లూరేగా రెండోసారి విడుదల చేసినప్పుడు అడవిలో చెమటోడ్చే సైనికులంతా బొమ్మల కొలువులో బొమ్మల్లా తయారయ్యారని అభిమానులు దుమ్మెత్తిపోశారు. జేమ్స్‌ కామెరాన్‌ అంతటివాడి ‘ఏలియన్స్‌’, ‘ట్రూ లైస్‌’ 4కెలో వచ్చినప్పుడూ ఇదే గొడవ. కంప్యూటర్‌ మొహాలకు లేని వివరాలు అద్దిందని 2024లో పెద్ద చర్చే నడిచింది. మంచి ఉదాహరణ కావాలంటే ‘లారెన్స్‌ ఆఫ్‌ అరేబియా’. 1962 నాటి ఆ సినిమా నెగెటివ్‌ని 8కెలో స్కాన్‌ చేసి, 4కెలో బాగుచేసి, 2012లో బ్లూరే తెచ్చారు. ఎడారిలో ఇసక ఇసకలాగే ఉంటుంది. దాన్ని చూసినవాళ్లు గ్రెయిన్‌ ఉందని ఫిర్యాదు చేయలేదు.

ఇంట్లో చేసుకోగల పరీక్ష ఒకటుంది. క్లోజప్‌ వచ్చినప్పుడు రిమోట్‌తో ఆపండి. వెంట్రుకలు పోగుపోగుగా ఉన్నాయా, రంగు పూసినట్టు అతుక్కుపోయాయా? ఇప్పుడు మళ్లీ నడిపించండి. మొహం కదులుతోంది కానీ వెనక గోడ మీది చుక్కలు గడ్డకట్టినట్టు నిలబడిపోయాయా? అయితే రుద్దుడు కార్యక్రమం జరిగినట్టే.

తలలు తెగిన కథ

నాయనమ్మ మాట ఇంకా గట్టిది. 1957లో కె.వి.రెడ్డి ‘మాయాబజార్‌’ తీసినప్పుడు ఫ్రేము దాదాపు చదరం. ఎత్తు ఒకటైతే వెడల్పు 1.37. ఛాయాగ్రాహకుడు మార్కస్‌ బార్ట్‌లే ప్రతి కిరీటానికీ, ప్రతి స్తంభానికీ ఆ చట్రంలోనే చోటు చూశారు. 2010 జనవరి 30న గోల్డ్‌స్టోన్‌ సంస్థ రంగులద్ది విడుదల చేసినప్పుడు దాన్ని వెడల్పాటి సినిమాస్కోపు తెరకి తగ్గట్టు మార్చారు. చదరపు బొమ్మని స్కోపు చేయాలంటే ఉన్న దారులు రెండే. సాగదీయాలి, లేదా పైనా కిందా కోయాలి. మొత్తం కోతతోనే పని కానిస్తే బొమ్మలో నూటికి 42 పాళ్లు పోతాయి. ఇప్పటి ఇంటి టీవీ వెడల్పుకి కోసినా దాదాపు నాలుగో వంతు పోతుంది.

దీనికి సరిగ్గా తిరగేసిన కథ ఒకటుంది. తెలుగులో మొదటి సినిమాస్కోపు సినిమా 1974లో వచ్చిన ‘అల్లూరి సీతారామరాజు’. ఆ వెడల్పాటి బొమ్మని అప్పటి డబ్బా టీవీల్లో తెర నిండా చూపించాలంటే పక్కలు కోయాల్సి వచ్చేది. స్కోపు సినిమాల్లో ఇద్దరు మాట్లాడుకుంటుంటే మధ్యలో కుర్చీ, చెరో పక్క చెరో ముక్కు కనిపించేవి! అప్పుడు టీవీ ఇరుకని వెడల్పు సినిమాల పక్కలు తెగాయి. ఇప్పుడు టీవీ వెడల్పని పాత సినిమాల తలలు తెగుతున్నాయి. తెర మీద నల్లపట్టీలు ఉంటే ‘డబ్బులిచ్చి కొన్న టీవీలో సగం ఖాళీగా ఉంచుతావా’ అని జూమ్‌ బటన్‌ నొక్కేవాళ్లు ప్రతి ఇంట్లో ఒకరుంటారు. నిజానికి బొమ్మ మొత్తం వచ్చిందని చెప్పే రసీదే ఆ నల్లపట్టీలు.

ఇక రంగుల సంగతి. నలుపు తెలుపు సినిమాకి రంగులేయడం మీద జనం రెండుగా చీలిపోయారు. పాత సినిమా పేరు చెబితే మొహం చిట్లించే పిల్లల్ని సైతం ఆ రంగులు థియేటర్‌కి రప్పించాయి. అది తక్కువ మాట కాదు. కానీ దాన్ని ‘బాగుచేసిన మాయాబజార్‌’ అంటే మాత్రం ఒప్పుకోవడం కష్టం. అది ఇంకో మాయాబజార్‌. తెల్లని వెలుగు నుంచి కటిక నలుపు దాకా ఉన్న మెట్లన్నీ ఎక్కి దిగి బార్ట్‌లే సృష్టించిన వెన్నెల అది. ఆ మెట్ల మీద నీలం రంగు పోస్తే వెన్నెల రాదు, నీలం వస్తుంది. రంగులది కావాలన్నవాళ్లకి రంగులది ఉండనివ్వండి. పక్కనే అసలుది కూడా అంతే శుభ్రంగా దొరకాలి కదా!

మొదటినుంచీ రంగుల్లో తీసిన సినిమాలకు వేరే బాధ. ఈస్ట్‌మన్‌కలర్‌ ప్రింట్లలో కాలం గడిచేకొద్దీ కొన్ని రంగులు ముందు వెలిసిపోతాయి. నీలం, ఆకుపచ్చల జీవం పోయి బొమ్మంతా ఎర్రబారుతుంది. పాత ప్రింటులో హీరోయిన్‌ కట్టుకున్న చీర గులాబీదో, వెలిసి గులాబీ అయిందో చెప్పడం కష్టం. కృష్ణ ‘మోసగాళ్లకు మోసగాడు’ 1971లో వచ్చింది. రాజస్థాన్‌ ఎడారుల్లో వి.ఎస్‌.ఆర్‌.స్వామి తీసిన ఆ కౌబాయ్‌ సినిమాని 2023 మే 31న 4కెలో మళ్లీ విడుదల చేశారు. ఇలాంటి సినిమాకి రంగులు దిద్దేవాడి ముందున్న ప్రశ్న ఒక్కటే. ఎడారి అప్పుడు ఏ రంగులో ఉంది? తీసినవాళ్లెవరైనా పక్కన కూర్చుని చెబితే సరే. లేకపోతే ఇప్పటి ఫ్యాషనే గతి. ఇప్పటి ఫ్యాషన్‌ ఏమో నీడలన్నీ నీలిగా, మొహాలన్నీ నారింజగా ఉండటం!

రెంటచింతల ఎండా, పులిసిన రీళ్లూ

ఇదంతా నెగెటివో ప్రింటో దొరికితే జరిగే చర్చ. దొరక్కపోతే? తెలుగులో మొదటి టాకీ ‘భక్త ప్రహ్లాద’ 1932లో విడుదలైంది. ఇప్పుడు చూద్దామంటే ప్రింటు లేదు. దాని పిక్చర్‌ క్వాలిటీ గురించి మాట్లాడుకునే అదృష్టం ఎవరికీ లేదు.

తొలి రోజుల ఫిల్ము నైట్రేటుది. నిప్పు తగిలితే భగ్గుమనేది. యాభైల నుంచి వచ్చిన ఎసిటేట్‌ ఫిల్ము మంటకి భయపడదు కానీ వేడికీ తేమకీ పులిసిపోతుంది. డబ్బా మూత తీస్తే వెనిగర్‌ వాసన గుప్పుమంటుంది. రీలు ముడుచుకుపోతుంది, పెళుసెక్కుతుంది. ఒక డబ్బాలో మొదలైతే పక్క డబ్బాకీ అంటుకుంటుంది. నడికుడి నుంచి మాచర్ల వెళ్లే రైలు మార్గంలో గురజాల దాటాక రెంటచింతల వస్తుంది. వేసవిలో రాష్ట్రంలోనే ఎక్కువ ఎండ అక్కడే అని పేపర్లలో ఏటా చదివే ఊరు. అలాంటి ఎండల్లో, రేకుల కప్పు కింద, థియేటర్‌ మూల గదిలో ముప్ఫై ఏళ్లు పడున్న ప్రింటు ఎలా ఉంటుందో ఊహించుకోవచ్చు.

‘జగదేకవీరుడు అతిలోకసుందరి’ సంగతే చూడండి. 1990లో పెద్ద హిట్‌. అదేమంత పాతది కాదు కదా, నెగెటివ్‌ భద్రంగా ఉంటుందనుకుంటాం. తీరా మళ్లీ విడుదల చేద్దామనుకుంటే మంచి నెగెటివే దొరకలేదు. నిర్మాణ సంస్థ ఏళ్ల తరబడి వెతికి, దెబ్బతిన్న ఓ ప్రింటు సంపాదించి, దాన్నే డిజిటల్‌లోకి మార్చి బాగుచేయించింది. 2025 మే 9న, సరిగ్గా 35 ఏళ్లకు మళ్లీ థియేటర్లకు తెచ్చింది. ప్రింటు అంటే నెగెటివ్‌ నుంచి రెండు మూడు చేతులు మారాక వచ్చే కాపీ. అందులో చూపించగలిగిందే చూపించగలరు. అలాంటి సినిమాకి ‘లారెన్స్‌’తో పోల్చి మార్కులు వేయడం అన్యాయం. బొమ్మని బేరీజు వేసేముందు అది దేన్నుంచి వచ్చిందో తెలుసుకోవాలనేది అందుకే.

పల్నాడు వాళ్లకి ఈ మాట ఇంకాస్త దగ్గరగా తగులుతుంది. ఈ నేల కథని తెలుగువాళ్లు రెండుసార్లు సినిమాగా తీశారు. 1947 ‘పల్నాటి యుద్ధం’లో నాగమ్మ కన్నాంబ, బ్రహ్మనాయుడు గోవిందరాజుల సుబ్బారావు, బాలచంద్రుడు అక్కినేని. గూడవల్లి రామబ్రహ్మం మొదలుపెట్టి మధ్యలోనే కన్నుమూస్తే ఎల్‌.వి.ప్రసాద్‌ పూర్తిచేశారు. 1966లో గుత్తా రామినీడు తీసినదాంట్లో బ్రహ్మనాయుడు ఎన్టీఆర్‌, నాగమ్మ భానుమతి. కారంపూడిలో ఏటా కార్తీకంలో వీరుల ఉత్సవాలు చేసుకునే ప్రాంతానికి ఇవి ఊరికే పాత సినిమాలు కావు. కోడిపోరు సీనులో భానుమతి కళ్లలో మెరుపుని గ్రెయిన్‌ అనుకుని రుద్దేస్తే, పోయేది ఒక సినిమా క్లోజప్‌ మాత్రమేనా?

ఆశ పెట్టుకోవడానికి కారణాలూ ఉన్నాయి. 1964లో పుణెలో మొదలైన జాతీయ ఫిల్మ్‌ ఆర్కైవ్‌ పాత నెగెటివ్‌లను స్కాన్‌ చేసి బాగుచేయిస్తోంది. 2024 సెప్టెంబరులో అక్కినేని శతజయంతికి ఫిల్మ్‌ హెరిటేజ్‌ ఫౌండేషన్‌ ఈ ఆర్కైవ్‌తో కలిసి ఆయన సినిమాలు పదింటిని దేశంలోని పలు నగరాల్లో ప్రదర్శించింది. బాగుచేసిన 1953 నాటి ‘దేవదాసు’ని ఆ ఏడాది గోవా చిత్రోత్సవంలోనూ వేశారు. పని మాత్రం మామూలుది కాదు. సెకనుకి 24 ఫ్రేముల లెక్కన మూడు గంటల నాలుగు నిమిషాల ‘మాయాబజార్‌’లో ఉన్నవి రెండు లక్షల 65 వేల ఫ్రేములు. ఒక్కో ఫ్రేములో ఏది గీతో, ఏది ముంగురులో తేల్చాల్సింది చివరికి మనిషి కన్నే.

తప్పు టీవీదైతే?

సినిమాని తిట్టేముందు రిమోట్‌ అందుకోవడం మంచిది. షాపులో ట్యూబులైట్ల వెలుగులో మిగతా టీవీల మధ్య మెరవాలని కంపెనీలు ‘వివిడ్‌’, ‘డైనమిక్‌’ అనే సెట్టింగ్‌లు పెట్టి పంపిస్తాయి. ఇంటికొచ్చాక చాలామంది వాటిని మార్చరు. అందులో గడ్డి రేడియంలా, మొహాలు టమాటాల్లా ఉంటాయి. ‘సినిమా’, ‘మూవీ’ అని ఉన్నదానికి మార్చండి. కొన్ని కొత్త టీవీల్లో ‘ఫిల్మ్‌మేకర్‌ మోడ్‌’ ఉంటుంది. దర్శకులు పట్టుబట్టడంతో 2019లో ప్రకటించిన ఏర్పాటు అది. మొదటి రెండు రోజులు బొమ్మ నీరసంగా అనిపిస్తుంది. మూడో రోజుకి పాతదాన్ని కళ్లు భరించలేవు.

ఆ తర్వాత ‘మోషన్‌’ అనే పేరుతో ఉన్నదాన్ని ఆపేయాలి. 24 ఫ్రేముల మధ్య లేని ఫ్రేముల్ని టీవీయే కల్పించి ఇరికించే తతంగం అది. క్రికెట్‌కి ఫర్వాలేదు. సినిమాకి పెడితే మహాభారత యుద్ధం కూడా మధ్యాహ్నం సీరియల్‌లా ఉంటుంది. ‘షార్ప్‌నెస్‌’ బాగా తగ్గించేయండి. పేరు చూసి మోసపోవద్దు.

కూర్చునే దూరం కూడా లెక్కే. 43 అంగుళాల టీవీలో మామూలు హెచ్‌డీకి, 4కెకి తేడా మామూలు చూపున్న మనిషికి తెలియాలంటే ఐదున్నర అడుగుల కన్నా దగ్గరగా కూర్చోవాలి. మన హాళ్లలో సోఫా ఉండేది పదడుగుల దూరాన. అంత దూరం నుంచి 4కె అయినా ఒకటే, హెచ్‌డీ అయినా ఒకటే. అదనంగా పెట్టిన డబ్బు ఎక్కడికి పోయిందని అడిగితే... గోడకి అలంకారంగా ఉందనుకోవాలి!

మళ్లీ నడికుడి ఇంటికొద్దాం. కొడుకు సెట్టింగ్‌ మార్చాడు. మనవడు వెతికి వెతికి నలుపు తెలుపు ‘మాయాబజార్‌’ పట్టుకున్నాడు. వెన్నెల్లో పడవ పాట మొదలైంది. తాత కళ్లజోడు తుడుచుకుని ముందుకు జరిగాడు.

‘నాయనమ్మా, పక్కల ఈ నల్లపట్టీలేంటి? జూమ్‌ చెయ్యనా?’ అడిగాడు మనవడు.

‘ఉండనీరా. ఇప్పుడు కిరీటాలు కనిపిస్తున్నాయి’ అందావిడ.